గ్లాసులో ఏముంది మామా?

మా సీనియర్లకి మేం ఇచ్చే ఫేర్‌వెల్ గురించి మీటింగ్. కాలేజీ ఆడిటోరియంలో జరిగేది కాదు, తలా కొంత వేసుకుని బయట పెట్టుకునేది. లిస్టు రాసే పని నా మీద పడింది. సౌండ్, లైట్లు, బస్సు, మెమెంటోలు... ఒక్కోదాని మీద ఒక గొడవ. బిర్యానీలో ఒక్కొక్కరికి ఎన్ని పీసులు రావాలన్న దాని మీదే ఇరవై నిమిషాలు పోయాయి. చివర్లో ఎవరో "మరి మందు తాగని వాళ్లకి?" అన్నారు. "ఏదో ఒకటి రా, కూల్ డ్రింకులు తెప్పిద్దాం" అని ఇంకెవరో అన్నారు. పది సెకన్లలో ఆ టాపిక్ అయిపోయింది.

నా గోలంతా ఆ "ఏదో ఒకటి" గురించే.

తాగొద్దని నీతులు చెప్పడానికి రాయట్లేదు. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ మందు కొనాలంటే 21 ఏళ్లు నిండాలనీ, మన క్లాసుల్లో చాలామందికి ఇంకా నిండలేదనీ మీకూ తెలుసు, నాకూ తెలుసు. నేను చెప్పేది రెండోవైపు నిలబడ్డ వాళ్ల గురించి. పార్టీలో ఖాళీ చేతులతో నిలబడి చూడండి, నిమిషానికి ఒకడు వచ్చి పట్టుకుంటాడు. "ఏంట్రా, తాగట్లేదా? ఎందుకు?" అక్కడితో ఇంటర్వ్యూ మొదలు. పోనీ థమ్స్ అప్ పట్టుకుందామంటే, "ఒరేయ్, మిక్సింగ్‌కి తెచ్చింది నువ్వు తాగేస్తే ఎలా" అని జోకు. అంటే వాడికిచ్చే డ్రింకు కూడా వాడిది కాదు, మందులో కలుపుకోగా మిగిలింది.

తాగకపోవడానికి సవాలక్ష కారణాలుంటాయి. ఒకడు అయ్యప్ప మాలలో ఉంటాడు. ఒకడికి మతం ఒప్పుకోదు. ఒకమ్మాయి టాబ్లెట్లు వాడుతుంటుంది. ఒకడు ఇంట్లో నాన్నని చూసి చూసి విసిగిపోయి ఉంటాడు. ఇంకొకడికి ఆ రుచే పడదు. ఇవన్నీ పార్టీలో నిలబెట్టి చెప్పించాల్సిన విషయాలా? మంచి పార్టీ అంటే కారణం చెప్పక్కర్లేని పార్టీ అని నా అభిప్రాయం.

ఆ అభిప్రాయం నాకు ఊరికే రాలేదు. పోయినేడాది ఇలాంటి పార్టీలోనే ఒక పెద్ద గిన్నెలో "ఫ్రూట్ పంచ్" పెట్టారు. నాలుగు రకాల ప్యాకెట్ జ్యూసులు, పైన యాపిల్ ముక్కలు. మా రూమ్మేట్ మందు ముట్టడు. హమ్మయ్య, మనకీ ఒకటుంది అనుకుని వెళ్లి రెండు గ్లాసులు తాగాడు. మూడోది నింపుకుంటుంటే పక్కనున్న వాళ్లు నవ్వుతున్నారు. అప్పుడు తెలిసింది వాడికి, అందులో ఎవరో వోడ్కా పోశారని. వోడ్కాకి వాసన తక్కువ. అంత తియ్యటి రసంలో రుచి కూడా తెలీదు.

నవ్వుతున్న వాళ్లలో నేనూ ఉన్నాను. పోసింది నేను కాదు. కానీ పోశారని వాడు రెండో గ్లాసు ఎత్తకముందే నాకు తెలుసు.

వాడు పడిపోలేదు, గొడవ చేయలేదు. బస్సులో కిటికీ పక్కన కూర్చుని హాస్టల్ వచ్చేదాకా ఒక్క మాట మాట్లాడలేదు. మర్నాడు పొద్దున పళ్లు తోముకుంటూ, "అడిగితే వద్దనేవాణ్ణి కదా. అందుకే ఎవరూ అడగలేదు" అన్నాడు. నా వైపు చూడకుండానే అన్నాడు. సారీ చెప్పాను. "పర్లేదులే" అన్నాడు. ఆ "పర్లేదులే" ఎలాంటిదో మీకు తెలిసే ఉంటుంది.

అందుకే ఈసారి మీటింగ్‌లో, "ఆ ఏదో ఒకటి నేను చేస్తాను, డబ్బులివ్వండి" అన్నాను. ఒప్పుకున్నాక గానీ అర్థం కాలేదు, నాకు పంచ్ చేయడం రాదని.

వెతకడం మొదలుపెడితే మొదట దొరికింది రెసిపీ కాదు, చరిత్ర. పంచ్ అనే మాట కనిపించే పాత ఇంగ్లీషు రాతల్లో మొదటిదిగా చెప్పేది 1632 నాటి ఒక ఉత్తరం. ఈస్టిండియా కంపెనీ మనిషి ఒకడు పెటపోలిలో ఉన్న తోటి వ్యాపారికి రాసింది. పెటపోలి ఎక్కడో కాదు, ఇప్పటి మన బాపట్ల జిల్లా నిజాంపట్నం. 1611లో గ్లోబ్ అనే ఓడలో వచ్చిన ఇంగ్లీషువాళ్లు అక్కడా, మచిలీపట్నంలోనూ వ్యాపారం మొదలుపెట్టారు. పంచ్ అంటే ఫారిన్ సరుకు అనుకుంటాం కదా, దాని మొదటి ఆనవాళ్లలో ఒకటి మన తీరం మీదే ఉంది. ఆ పేరు "పంచ", అంటే ఐదు అనే మాట నుంచి వచ్చిందని ఎక్కువగా చెప్తారు. సారా, చక్కెర, నిమ్మరసం, నీళ్లు, మసాలా దినుసులు కలిపి ఐదు. కాదు, పీపాని పంచన్ అంటారు, దాన్నుంచి వచ్చిందని వాదించేవాళ్లూ ఉన్నారు.

నాకు మాత్రం ఆ ఐదు చూడగానే పానకం గుర్తొచ్చింది. బెల్లం, నీళ్లు, మిరియాలు, యాలకులు, శొంఠి. లెక్కపెట్టండి, ఐదే. శ్రీరామనవమికి పందిట్లో బిందెలకి బిందెలు కలిపి, వచ్చినవాళ్లందరికీ గ్లాసులతో పోస్తారు. ఎవరికి ఎందుకు పోస్తున్నామని అడిగేవాడు ఉండడు. మంగళగిరి కొండ మీద పానకాల స్వామికి బిందెతో పానకం పోస్తే సగం తాగి సగం వదిలేస్తాడని భక్తుల నమ్మకం. ఆ మిగిలిన సగమే ప్రసాదం. ఒకే బిందెలోంచి అందరూ తాగే డ్రింకు మనకి కొత్తేమీ కాదు. కాకపోతే ఆ బిందెలో ఎవరూ దొంగచాటుగా ఏమీ కలపరన్న నమ్మకం అక్కడ ఉంటుంది.

పానకమే నాకు టెక్నిక్ కూడా నేర్పింది. మందు లేని పంచ్ సాధారణంగా ఎందుకు బాగోదు? అన్నీ తియ్యటివే కలుపుతాం కాబట్టి. నాలుగు తీపి రసాలు కలిపితే వచ్చేది ఐదో తీపి రసమే. రెండు గుటకలకే మొహం మొత్తుతుంది. పాత పంచ్‌లో సారా చేసే పని ఒకటుంది, గొంతులో మంట పుట్టించడం. సారా తీసేస్తే ఆ జాగా ఖాళీగా ఉండిపోతుంది. దాన్ని ఇంకో రసంతో కాదు, ఇంకో మంటతో నింపాలి. పానకంలో మిరియాలు, శొంఠి చేసే పని అదే. దానికి తోడు కాస్త వగరు కావాలి. పాలు పోయని టీ డికాక్షన్ చల్లార్చి కలిపితే అది వచ్చేస్తుంది. చిటికెడు ఉప్పు వేస్తే చేదు తగ్గి పళ్ల రుచి పైకి తేలుతుంది.

రెండుసార్లు ట్రయల్ వేశాను. మొదటిది దగ్గు మందులా ఉందని మా ఫ్లోర్ మొత్తం ఏకగ్రీవంగా తీర్మానించింది. అల్లం ఎక్కువైంది. రెండోసారి రుచి కుదిరింది గానీ, పొద్దున పిండిన బత్తాయి రసం సాయంత్రానికి చేదెక్కింది. బత్తాయి రసం నిలవ ఉంటే అంతే, ఆఖర్న పిండుకోవాలి. మూడోసారికి లెక్క కుదిరింది. వంద మందికి, తలకి ఒక 200 మిల్లీలీటర్ల గ్లాసు చొప్పున 20 లీటర్లు. ఏప్రిల్ కాబట్టి పుచ్చకాయే పునాది.

పుచ్చకాయ రసం 7 లీటర్లు. దాదాపు 14 కిలోల కాయలు పట్టాయి. పైనాపిల్ రసం 3 లీటర్లు, ఆరు పళ్లు. బత్తాయి రసం 3 లీటర్లు, ఎనిమిది కిలోల దాకా. నిమ్మరసం ఒక లీటరు, యాభై కాయలు. బెల్లం కరిగించి అందులో దంచిన అల్లం, మిరియాలు, యాలకులు వేసి మరిగించి వడకట్టిన పాకం 2 లీటర్లు. టీ డికాక్షన్ ఒక లీటరు. చివర్లో, సరిగ్గా పోసే ముందు, చల్లటి సోడా 3 లీటర్లు. సోడా ముందే పోస్తే గ్యాసంతా గాల్లో కలిసిపోతుంది. మొత్తం ఖర్చు తలకి 20 రూపాయలు దాటలేదు. బిర్యానీలో ఒక ఎక్స్‌ట్రా పీసుకి కూడా ఆ డబ్బులు రావు.

ఐసు దగ్గర మాత్రం మనం చదివిన చదువు పనికొచ్చింది. 20 లీటర్లని 30 డిగ్రీల నుంచి 5 డిగ్రీలకి ఐసుతోనే దించాలంటే దాదాపు 2100 కిలోజౌళ్లు లాగెయ్యాలి. కిలో ఐసు కరిగి 5 డిగ్రీలకి రావడానికి తీసుకునేది 355. అంటే 6 కిలోల ఐసు. అంటే కష్టపడి చేసిన పంచ్‌లో 6 లీటర్ల నీళ్లు! అదే ముందుగా ఫ్రిజ్‌లో పెట్టి 10 డిగ్రీలకి తెచ్చుకుంటే కిలోంపావు చాలు. అందుకే మెస్ అన్నని బతిమాలి మధ్యాహ్నమే అన్నీ ఫ్రిజ్‌లో పెట్టించాం. ఐసు కూడా చిన్న ముక్కలు కాకుండా, ముందురోజే టిఫిన్ డబ్బాల్లో ఫిల్టర్ నీళ్లు పోసి, పుదీనా వేసి పెద్ద గడ్డలుగా కట్టించాం. గడ్డ పెద్దదైతే బరువుతో పోలిస్తే ఉపరితలం తక్కువ, మెల్లగా కరుగుతుంది. థర్మో పేపర్‌లో నాకు ఎన్ని మార్కులొచ్చాయో అడక్కండి, ఈ ప్రాక్టికల్ మాత్రం పాసయ్యాను.

కానీ రుచి సగమే. మిగతా సగం కోసం మూడు రూల్స్ పెట్టుకున్నాం. ఒకటి, గిన్నె కాదు, మూత ఉన్న స్టీలు డ్రమ్ము. రెండు, ఏమేం కలిపామో పెద్ద అక్షరాలతో రాసి దాని మీద అతికించాలి. మూడు, గరిటె ఒక్కరి చేతిలోనే ఉండాలి, ఆ మనిషి కదిలితే మూత పడాలి.

"ఓవరాక్షన్ రా బాబూ, ల్యాబ్‌లో యాసిడ్ బాటిల్ అనుకుంటున్నావా" అన్నారు మావాళ్లు. యాసిడ్ బాటిల్‌కి లేబుల్ ఎందుకుంటుంది? చూస్తే తెలీదు కాబట్టి. పంచ్ కూడా అంతే. "ఎవరో సరదాగా కాస్త పోస్తారు, దానికి ఇంత సీనా" అని ఇంకొకడు. తాగేవాడు ఎంత తాగాలో వాడే నిర్ణయించుకుంటాడు. తాగనివాడికి మాత్రం ఇంకెవడో నిర్ణయిస్తాడు. సరదా అంటే ఇద్దరూ నవ్వాలి. ఒకడికి తెలిసి, ఒకడికి తెలియక జరిగేదాన్ని సరదా అనలేం. ఈ మాట మైకు పట్టుకుని చెప్పే అర్హత నాకు లేదు, నవ్విన బ్యాచ్‌లో ఉన్నవాణ్ణి. అందుకే మైకులో కాకుండా ఇక్కడ రాస్తున్నాను.

గరిటె ఎవరి చేతికివ్వాలో నాకు ముందే తెలుసు. పార్టీకి రెండు రోజుల ముందు రూమ్మేట్‌ని అడిగాను. కాసేపు ఫోన్ చూసుకుంటూ కూర్చున్నాడు. తర్వాత "మూత గట్టిదేనా?" అన్నాడు. గట్టిదే అన్నాను.

ఆ రాత్రి మేం ఊహించనిది ఒకటి జరిగింది. మందు తాగేవాళ్లు కూడా వచ్చి డ్రమ్ము దగ్గర లైన్ కట్టారు. అల్లం ఘాటు బాగుందని రెండోసారి వచ్చినవాళ్లు ఉన్నారు. ఎవరి గ్లాసులో ఏముందో చూస్తే చెప్పలేకుండా అయిపోయింది. కాబట్టి "ఎందుకు తాగట్లేదు" అనే ప్రశ్న ఆ పార్టీలో నాకు ఒక్కసారి కూడా వినపడలేదు. పది గంటలకల్లా డ్రమ్ము ఖాళీ. బిర్యానీ మిగిలింది.

చివరికి అడుగున మిగిలింది వంచి మా రూమ్మేట్ ఒక గ్లాసు నింపి నాకిచ్చాడు. నేను గటగటా తాగబోతుంటే, "ఏముందో అడగవా?" అన్నాడు.

"ఏముంది మామా?"

డ్రమ్ము మీద కాగితం చూపించి, మొత్తం పైనుంచి కిందదాకా చదివాడు. పుచ్చకాయ దగ్గర మొదలుపెట్టి ఉప్పు దాకా. అప్పుడు తాగాను.

ఫ్రెషర్స్ పార్టీ చేసేవాళ్లకి ఒక మాట. అప్పటికి పుచ్చకాయలు రేటెక్కుతాయి, దానిమ్మ, బత్తాయి చూసుకోండి. మెస్ అన్నకి ముందురోజే చెప్పండి. డ్రమ్ము మా రూమ్‌లోనే ఉంది, మూతతో సహా.