గ్రీన్‌కార్డు లాటరీకి గొలుసు తాకట్టా?

అమలాపురం నుంచి రాజోలు దాకా ఏ పేరంటానికి వెళ్ళినా అమెరికా కబుర్లే కదండీ! గ్రీన్‌కార్డు లాటరీ మాట వస్తే మాత్రం కాస్త జాగ్రత్తగా వినండి. ఏటా 55,000 దాకా వీసాలు చీటీలు తీసినట్టు పంచాలని అమెరికా 1990లో చట్టం చేసింది, నిజమే. కాని అయిదేళ్ళలో 50,000 మందికి మించి అక్కడ స్థిరపడిన దేశంలో పుట్టినవాళ్ళకి అందులో చోటు లేదని ఆ చట్టమే అంటోంది. మన దేశం ఆ లెక్క ఏనాడో దాటేసింది. భార్యో భర్తో అర్హతగల మరో దేశంలో పుట్టివుంటే అది వేరే సంగతి. కొత్తపేటలో ఎంతమందికుందండీ ఆ భాగ్యం!

మరి "మీ అబ్బాయి పేరు లాటరీలో వేయిస్తాం, డబ్బు కట్టండి" అనేవాణ్ణి అరుగెందుకు ఎక్కనివ్వాలి? కంపెనీ పెట్టే హెచ్‌-1బి దరఖాస్తు వేరు, అది ఉద్యోగం కోసం కొన్నేళ్ళకిచ్చే వీసా. రెండూ కలిపి చెప్పేవాడు మోసగాడే. కొబ్బరి దింపు డబ్బు చాలకపోతే ఇంట్లోవాళ్ళ చూపు ఎక్కడ పడుతుందో మనకి తెలీదూ? వీసా కొడుకు పేరనట, తాకట్టు మాత్రం తల్లి మెడలోది! అడిగితే "నీకేం తెలుసు, ఊరుకో" అంటారు. ఊరుకోకండి. ఇండియాలో పుట్టినవాళ్ళకి ఆ లాటరీ ఉందని కాగితం మీద చూపించమనండి. చూపించేదాకా గొలుసు మెడలోంచి తియ్యకండి.