మాంసం కూరిన ఆవిరి బన్ను నిషిద్ధమా?

గత కార్తీక మాసం చివరలో గిద్దలూరు నుండి ఒక తల్లి పన్నెండేండ్ల కుమారుని వెంటబెట్టుకొని నా వద్దకు వచ్చినది. బాలునికి ఆ నెలలో అది మూడవసారి అజీర్ణము, వాంతులు. ఏమి తిన్నాడని అడుగగా, సాయంత్రం బండి వద్ద మోమోలు తిన్నాడన్నది. అలవాటు ప్రకారం మందలించబోయాను. ఆమె తల వంచుకొనే, "అయ్యగారూ, వీడు ఇంట్లోనే చేసిపెట్టమని అడిగాడు. చైనా వంటలు మన ఒంటికి సరిపడవని మీరే కదా చెప్పారు. అందుకని నేను చేయలేదు. వీడు బయట తినడం మానలేదు" అన్నది.

నాకు వెంటనే సమాధానం తోచలేదు. అడిగిన ప్రతివారికీ ఆ మాట చెబుతూ వచ్చినది నేనే. అది విచారించి చెప్పిన మాట కాదు. ఆహారాన్ని నిర్ణయించేటప్పుడు ద్రవ్యస్వభావాన్ని, సంస్కారాన్ని, సంయోగాన్ని, మాత్రను, కాలాన్ని, తినేవాని స్థితిని చూడమన్నది చరకసంహిత. దేశాన్ని కూడా చూడమన్నది నిజమే. అయితే అక్కడ దేశమంటే ద్రవ్యం పుట్టిన నేల, తినేవాడు నివసించే నేల. వంట పేరు ఏ భాషలోనిదన్న ప్రశ్న శాస్త్రంలో ఎక్కడా లేదు.

నేను శాకాహారిని. మాంసపు రుచి నా నాలుకకు తెలియదు. గురుకులంలో మాంసవర్గం పాఠం వచ్చినప్పుడు మాలో కొందరం పెదవి విరిచాము. గురువుగారు గ్రంథం మూయకుండానే, "రోగి విస్తరిలో నీ ఆచారాన్ని వడ్డించకు" అన్నారు. ఆనాడు ఆ పాఠం అంతా మాచేత కంఠస్థం చేయించారు.

సుశ్రుతసంహిత సూత్రస్థానంలో అన్నపానాలను వివరించే 46వ అధ్యాయంలో వేసవారమనే పాకం కలదు. ఎముకలు తీసిన మాంసాన్ని మెత్తగా ఉడికించి, రాతిపై నూరి, శొంఠి, మిరియాలు, పిప్పళ్లు, నెయ్యి మొదలైనవి చేర్చి చేసేది. నేటి మసాలా కీమాకు ఇంతకంటె దగ్గర బంధువు ఉండదు. అది గురువు, స్నిగ్ధము, బలకరము, వాతపీడను హరించేదని సుశ్రుతుని నిర్ణయం. ఎండ మెండు, నీరు తక్కువ అయిన మన మార్కాపురం, గిద్దలూరు సీమ శాస్త్రం చెప్పిన జాంగల దేశానికి చేరువైనది. ఇక్కడ రూక్షత, వాతము సహజంగానే ఎక్కువ. నల్లమల అంచున మేసే మేక మాంసం మరీ శీతలం కాదని, దోషాలను అంతగా రెచ్చగొట్టదని, దేహాన్ని పుష్టిపరచునని చరకుడు మేకమాంసాన్ని గురించి చెప్పిన మాటలు మన ఇండ్లకు చక్కగా వర్తిస్తాయి.

చైనావారు బావోజీ అనే ఈ బన్నును పొంగిన గోధుమపిండిలో మాంసం కూరి ఆవిరిపై వండుతారు. ఆ దేశపు ప్రాచీన వైద్యుడు ఝాంగ్ ఝోంగ్‌జింగ్, చలికి చెవులు పుండ్లు పడిన పేదలకు గొఱ్ఱెమాంసం, ఉష్ణద్రవ్యాలు కూరిన పిండిపొట్లాలను పంచాడని అక్కడ ఒక జనశ్రుతి. కథే కావచ్చు. కాని పిండిలో మాంసం కూరడాన్ని చికిత్సగా తలచిన ప్రజలు వారు. ఇక ఆవిరి మనకు కొత్తదా? వినాయక చవితినాడు పూర్ణం కుడుము చేయని ఇల్లున్నదా?

అయితే నా అభ్యంతరాలు కొన్ని అలాగే ఉన్నవి. మొదటిది మైదా. పొట్టు, మొలక తీసివేసిన ఆ పిండి ప్రేగులలో మందగిస్తుంది. ఇంట్లో మరపట్టించిన గోధుమపిండిని సన్నని జల్లెడ పట్టి వాడండి. బన్ను అంత తెల్లగా రాదు, రానవసరం లేదు. రెండవది పాలు. మెత్తదనం కోసం కొందరు పిండిని పాలతో కలుపుతారు. మాంసంతో పాలు విరుద్ధాహారం. నీటితోనే కలపాలి. మూడవది బజారు కీమా. ఎప్పుడు కొట్టినదో, ఎంతసేపు వేడిలో ఉన్నదో తెలియదు. 2024 అక్టోబరులో హైదరాబాదులో బండిపై మోమోలు తిన్న పలువురు అస్వస్థులై, ఒక మహిళ మరణించినది. ఆ తరువాతనే తెలంగాణ ప్రభుత్వం పచ్చిగుడ్డుతో చేసే మయొనైజును ఒక సంవత్సరంపాటు నిషేధించినది. మన బండ్ల వద్దనూ ఆ తెల్లని ముద్దనే నంజుకుంటున్నారు.

ఇంట్లో చేసే తీరు చెబుతాను. ఆ తల్లిచేత నాలుగుమార్లు చేయించి సరిదిద్దిన కొలతలివి. అరకిలో పిండికి ఒక చిన్న చెంచా పొడి ఈస్టు, ఒక చెంచా ఉప్పు, రెండు చెంచాల నువ్వులనూనె. గోరువెచ్చని నీరు సుమారు 300 మిల్లీలీటర్లు. పది నిమిషాలు బాగా మర్దించి, తడిగుడ్డ కప్పి, రెట్టింపు పొంగేవరకు ఉంచాలి. చలికాలంలో గంట పైన పడుతుంది, మన వేసవిలో అరగంట చాలు. ఈలోగా పావుకిలో మేక కీమాను, ఆనాడు ఎదుట కొట్టించినదానిని, నేతిలో ఉల్లి వేయించి, అర చెంచా శొంఠిపొడి, అర చెంచా మిరియాలపొడి, రెండు పిప్పళ్ల చూర్ణం, ఉప్పు వేసి, తడి పూర్తిగా ఇగిరేవరకు ఉడికించాలి. తడి మిగిలితే బన్ను అడుగు పగులుతుంది. కీమా చల్లారాక పిండిని పద్నాలుగు ఉండలు చేసి, అంచులు పలుచగా, నడుమ మందంగా ఒత్తి, కూరి, కుచ్చులు పెట్టి మూయాలి. పావుగంట ఆగి, ఇడ్లీ పాత్రలో అరిటాకు ముక్కలపై ఎడంగా పెట్టి పదిహేను నిమిషాలు ఆవిరి పట్టాలి. చైనా ఉప్పు అక్కర లేదు, మాంసానికి తన రుచి ఉన్నది.

దీనిని భోజనం తరువాత పెట్టకండి. పిండివంట బరువైనది. ఆకలి వేసినప్పుడే, మితంగా తినాలని, నీరు రెట్టింపు త్రాగాలని శాస్త్రం. పిల్లవానికి రెండు, పెద్దలకు మూడు, అవే ఆ పూట భోజనం. వెంట వేడినీరు లేదా పలుచని మిరియాల చారు ఇవ్వండి. జ్వరంలో, కామెర్లలో, విరేచనాలప్పుడు ముట్టవద్దు. పులిసిన పిండి గనుక ఆమ్లపిత్తం ఉన్నవారు దూరంగా ఉండడమే మేలు. మిగిలినవి మరునాడు వేడిచేసి పెట్టే పొదుపు ఇక్కడ పనికిరాదు.

బాలునికి మొదటి పదిరోజులు శొంఠి నీరు, మజ్జిగ అన్నమే ఇచ్చాను. ఆకలి తిరిగి వచ్చాకనే బన్ను. సంక్రాంతి వెళ్లిన వారానికి తల్లీ కొడుకులు మళ్లీ వచ్చారు. బండి వద్దకు పోవడం పూర్తిగా మానలేదని వాడే ఒప్పుకున్నాడు, అయితే వాంతులు మళ్లీ కాలేదు. ఆమె నా కోసం పెసరపప్పు, మునగాకు కూరినవి వేరుగా నాలుగు తెచ్చినది. లోపలి కూర బాగున్నది. పైపిండి కొంచెం గట్టిగా తగిలినది. ఈసారి మరి నాలుగు చెంచాల నీరు పోయమని చెప్పి పంపాను.