అక్షరానికి అక్షరం కలపకండి

బ్లాక్ ఫ్రైడే వచ్చిందంటే అమెరికాలోని మన తెలుగు ఇళ్లలో గోడ మీది థర్మోస్టాట్ మార్చే పని మొదలవుతుంది. ఫ్రిస్కోలోనైనా ఎడిసన్‌లోనైనా వినిపించేది ఒకటే మాట: "ఏముంది, పాతదాని అక్షరాలు చూసి కొత్తదానికి కలిపేయడమే!" ఆ ధీమాతో స్క్రూడ్రైవర్ పట్టుకున్నవారు దయచేసి ఒక్క నిమిషం ఆగండి.

మామూలు థర్మోస్టాట్ ఒక స్విచ్చు. ఆర్ వైరులో వచ్చే 24 వోల్టులను డబ్ల్యూకి అందిస్తే వేడి, వైకి అందిస్తే చల్లదనం, జీకి అందిస్తే ఫ్యాను. కమ్యూనికేటింగ్ థర్మోస్టాట్ అలా కాదు, ఫర్నేస్‌తో సంకేతాల్లో మాట్లాడుతుంది. క్యారియర్ ఇన్ఫినిటీనే తీసుకోండి. ఏ, బీ, సీ, డీ అని నాలుగే వైర్లు. ఏ, బీలలో సంకేతాలు, సీ, డీలలో కరెంటు. అదే బీ రీమ్ హీట్ పంపుల్లో వేడికీ చల్లదనానికీ మధ్య మార్చే రివర్సింగ్ వాల్వుది, పాత ట్రేన్ యంత్రాల్లో కామన్ వైరుది. సంకేతాల వైరు మీద 24 వోల్టులు పడితే కంట్రోల్ బోర్డే కాలిపోవచ్చు. రంగులనూ నమ్మకండి. బిగించినవాడి చేతికి ఏ రంగు దొరికితే అదే పెట్టి ఉండొచ్చు.

ఇక మూత తీయగానే లావుపాటి వైర్లు, కొసలకు ప్లాస్టిక్ టోపీలు కనిపిస్తే చెయ్యి వెనక్కి తీసుకోండి. బేస్‌బోర్డ్ హీటర్లున్న ఇళ్లలో అక్కడికి వచ్చేది 120 లేదా 240 వోల్టులు. 24 వోల్టుల థర్మోస్టాట్‌ను దానికి కలిపితే నిప్పంటుకోవచ్చు, ప్రాణమే పోవచ్చు.

మామూలు థర్మోస్టాట్ అయినా సరే, ఆఫ్‌లో పెడితే కరెంటు ఆగదు. ఫర్నేస్ బ్రేకరు, బయటి యూనిట్ బ్రేకరు, రెండూ దించాలి. ఆర్, సీ (కామన్) వైర్లు ఒక్క క్షణం తగిలినా బోర్డు మీది చిన్న ఫ్యూజు పోవచ్చు. ఫ్యూజు లేని పాత యంత్రమైతే ట్రాన్స్‌ఫార్మరే మాడిపోవచ్చు.

వేడి లేని ఇల్లు ఎలా ఉంటుందో 2021 ఫిబ్రవరిలో టెక్సస్‌లో చూశాం: పైపులు పగిలాయి, మనుషులు చలికి చనిపోయారు. అప్పుడు పోయింది కరెంటు. గడ్డకట్టే రాత్రి బోర్డు కాలినా ఇంట్లో చలి అదే. ఆ ఇంట్లో చంటిబిడ్డ ఉండొచ్చు, ఊరి నుంచి వచ్చిన అమ్మానాన్నలు ఉండొచ్చు.

మూత కింద ఏ, బీ, సీ, డీ గాని, అలాంటి సంకేతాల వైర్ల గుర్తులే అయిన ఐ ప్లస్, ఐ మైనస్ గాని కనబడితే మూత పెట్టేసి, ఆ కంపెనీ యంత్రాలు తెలిసిన టెక్నీషియన్‌ను పిలవండి. ఇప్పటికే విప్పేశారా? బ్రేకరు ఎత్తకండి. ఏ వైరు ఎక్కడిదో ఊహించి బిగించకండి. ఫర్నేస్ బోర్డు దగ్గర ఏది ఎక్కడుందో చూసి టెక్నీషియనే బిగిస్తాడు.