సొమ్ము డిపాజిటర్లది, రిట్లు డైరెక్టర్లవి

2020 జూన్‌లో కేంద్రం ఆర్డినెన్సు తెచ్చి సహకార బ్యాంకుల మీద రిజర్వు బ్యాంకు పట్టు బిగించిందో లేదో, కోర్టు మెట్లెక్కడాలు మొదలయ్యాయి. బిగ్ కాంచీపురం సహకార టౌన్ బ్యాంకు మద్రాసు హైకోర్టు తలుపు తట్టింది. సెప్టెంబరులో ఆ ఆర్డినెన్సు చట్టమైనా రగడ ఆగలేదు. అందరూ చేతబట్టుకున్న అస్త్రం ఒకటే: సహకార సంఘాలు రాష్ట్ర జాబితాలో 32వ అంశం, మధ్యలో రిజర్వు బ్యాంకు పెత్తనమేమిటి?

వినడానికి ఎంత సొంపుగా ఉంది! రాష్ట్రాల హక్కులు, సభ్యుల స్వపరిపాలన, మనిషికో ఓటు. సరే, ఆ ఓటు ఎవరికుంది?

పట్టణ సహకార బ్యాంకులో అప్పు కావాలంటే ముందు సభ్యుడివి కావాలి, షేర్లు కొనాలి. తాకట్టు పెట్టి తీసుకునే అప్పుకు మామూలుగా రెండున్నర శాతం. అంటే పది లక్షల అప్పుకు పాతికవేల రూపాయల షేర్లు. షేరున్నవాడికి ఓటుంది. రిటైరయ్యాక వచ్చిన డబ్బు తెచ్చి ఫిక్స్‌డ్ డిపాజిట్ చేసిన మాస్టారు సభ్యుడు కానక్కర్లేదు. కాబట్టి ఆయనకు ఓటూ లేదు, జనరల్ బాడీలో కుర్చీ కూడా లేదు. అప్పు తీసుకున్నవాళ్లు ఓట్లేసి అప్పులిచ్చేవాళ్లను ఎన్నుకుంటారు. దీనికి ప్రజాస్వామ్యమని పేరు పెట్టి, రాజ్యాంగ ధర్మాసనం ముందు దండం పెట్టమంటున్నారు. ఓటు లేని ఆ మాస్టారికి మిగిలిన దిక్కు పైనుంచి తనిఖీకి వచ్చేవాడు ఒక్కడే. వాడినీ రావద్దంటున్నారు.

చట్టం తెలియక కాదు ఈ వాదన. 2020 మే 5న సుప్రీంకోర్టులో అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం పాండురంగ గణపతి చౌగులే కేసులో తేల్చేసింది: సహకార బ్యాంకు చేసేది కూడా బ్యాంకింగే, అది కేంద్ర జాబితాలో 45వ అంశం. మరుసటి ఏడాది జులైలో 97వ రాజ్యాంగ సవరణలో రాష్ట్ర సంఘాలకు సంబంధించిన భాగాన్ని కొట్టేసిన తీర్పును చూపి చంకలు గుద్దుకునేవాళ్లున్నారు. అది సంఘాల నిర్వహణ గురించి. జనం దగ్గర డిపాజిట్లు తీసుకుని అప్పులివ్వడం గురించి కాదు. సంఘం మీదే, నడుపుకోండి. బ్యాంకు బోర్డు తగిలించారా, బ్యాంకు లెక్కలు చూపించండి.

పాత పద్ధతి ఎంత ముచ్చటగా ఉండేదో హైదరాబాదును అడగండి. రాష్ట్రంలో రిజిస్టరైన బ్యాంకు పాలకవర్గాన్ని రద్దు చేయాలంటే రిజర్వు బ్యాంకు రాష్ట్ర సహకార సంఘాల రిజిస్ట్రారుకు రాయాల్సి వచ్చేది. లైసెన్సు ఒకరిది, రిజిస్ట్రేషను ఇంకొకరిది, మునిగితే తిలాపాపం తలా పిడికెడు. 2001లో కృషి బ్యాంకు కుప్పకూలింది. ఆ కాలంలోనే చార్మినార్, ప్రుడెన్షియల్ బ్యాంకులూ వరస కట్టాయి. అప్పట్లో డిపాజిట్ బీమా లక్ష రూపాయలు. అంతకుమించి దాచుకున్నవాళ్లు లిక్విడేటర్ ఆఫీసు చుట్టూ తిరిగారు. రిజర్వు బ్యాంకు చేయి అసలే ఆనని చోట ఏమవుతుందో చూడాలంటే కేరళలోని కరువన్నూర్ బ్యాంకు ఉంది. బోర్డు మీద బ్యాంకు అనే ఉంది, లోపల అది ప్రాథమిక సహకార సంఘం. 2021లో కుంభకోణం బయటపడ్డాక డిపాజిటర్లకు బీమా కూడా దిక్కులేదు.

అలాగని రిజర్వు బ్యాంకుకు హారతి పట్టాల్సిన పనిలేదు. పంజాబ్-మహారాష్ట్ర సహకార బ్యాంకు బహుళ రాష్ట్ర సంస్థ. అక్కడ పాలకవర్గాన్ని దించే అధికారం ముందునుంచీ రిజర్వు బ్యాంకు చేతిలోనే ఉంది. తనిఖీలూ జరిగాయి. ఆ సహకార బ్యాంకు ఒకే రియల్ ఎస్టేట్ గ్రూపుకు అప్పుల్లో సగానికి మించి పోసి, ఇరవై వేలకు పైగా దొంగ ఖాతాల వెనక దాచినా రిజర్వు బ్యాంకు కనిపెట్టలేకపోయింది. దొంగలు పడ్డ ఆరు నెలలకు అన్నట్టు 2019 సెప్టెంబరులో మొరిగి, ఆరు నెలల్లో వెయ్యి రూపాయలకు మించి తీయకూడదని ఖాతాదార్ల మీద పడింది. కోర్టుకెక్కాల్సిన కేసు అదీ: అధికారం ఉండి ఎందుకు నిద్రపోయావని. కానీ ఆ పిటిషను ఏ పాలకవర్గమూ వేయదు.

వాళ్ల పట్టింపంతా కుర్చీ మీదే. డైరెక్టర్లు వరసగా ఎనిమిదేళ్లకు మించి కూర్చోకూడదన్న పరిమితి ఎంత బాధించిందో, 2025 సవరణలో దాన్ని పదేళ్లు చేయించుకున్నారు. ఇక కోర్టులు చేయగలిగింది ఒకటుంది. సహకార బ్యాంకు ఏదైనా రిజర్వు బ్యాంకు మీద రిట్టు వేస్తే, డైరెక్టర్లూ వాళ్ల బంధువులూ ఆ బ్యాంకులో తీసుకున్న అప్పుల జాబితాను అఫిడవిట్‌తో జతచేయమనాలి. డిపాజిటర్లను ప్రతివాదులుగా చేర్చమనాలి. లాయరు ఫీజు ఎవరి సొమ్ములోంచి కడుతున్నారో కూడా అందులోనే రాయమనాలి.