రాతలో చేత లేదా?

"నొసట రాసింది తప్పుతుందా?" ఈ మాట వినకుండా మన పల్లెల్లో ఒక్క రోజు గడవదు. పైరు ఎండితే రాత. సంబంధం చెడితే రాత. ఇంటర్ తప్పినవాడికీ రాతే. సైన్సు చదువుతున్నవాణ్ణి గనుక ఈ మాటను నవ్వి కొట్టిపారేయడం నాకు తేలికే. కాని నవ్వితే పోయే ప్రశ్న కాదిది. దేవుడికి అన్నీ ముందే తెలిసినప్పుడు ఇక మనిషి చేసేదేముంది? దేవుణ్ణి మనకంటే గాఢంగా నమ్మిన మధ్యయుగపు క్రైస్తవ పండితులు దీనితో కొన్ని వందల ఏళ్లు కుస్తీ పట్టారు. వాళ్లు తేల్చిన సంగతి చేవెళ్ల, మొయినాబాద్ రైతుకు కూడా అక్కరకొస్తుందని నా నమ్మకం.

ముందు మా ఇంటి ముచ్చట చెప్పాలి. చేవెళ్ల దగ్గర మా చెలకలో మూడు బోర్లు వేశాం. మూడూ దుమ్మే. మూడోది పోయాక నాయన మొయినాబాద్ మండలంలోని చిలుకూరు బాలాజీ గుడికి పోయి 11 ప్రదక్షిణలు చేసి వచ్చాడు. కోరిక తీరాక మళ్లీ పోయి 108 చేయడం అక్కడి ఆచారం. ఇప్పుడు ఇంట్లో నాలుగో బోరు మాట నడుస్తోంది. ఇన్నాళ్లూ అరచేతిలో కొబ్బరికాయ పెట్టుకుని తిరిగే మనిషి చూపిన చోటే వేశాం. ఈసారి భూగర్భజల సర్వే చేయించి గాని వేయొద్దన్నాను.

"సర్వే జేపిస్తే రాత మారుతదా బిడ్డా? గంగమ్మ మన నొసట రాసి ఉంటే ఏడ తవ్వినా పడ్తది" అన్నాడు నాయన.

నాకు జవాబు తోచలేదు. ఆ జవాబు కోసమే కాలేజీ లైబ్రరీలో పాశ్చాత్య తత్త్వశాస్త్ర చరిత్ర తిరగేశాను.

ఈ చర్చకు మొదటి పెద్ద పేరు ఉత్తర ఆఫ్రికాలోని హిప్పో నగర బిషప్ సెయింట్ అగస్టీన్ (354–430). లోకంలో చెడు దేవుడి నుంచి రాలేదు, మనిషి తన స్వేచ్ఛను చెడగొట్టుకోవడం వల్ల వచ్చిందని ఆయన తొలి వాదం. తరువాత, మనిషి సొంత ప్రయత్నంతోనే మంచివాడు కాగలడన్న పెలాజియస్‌తో తగువు పడి, దైవకృప లేనిదే మంచి వైపు అడుగు కూడా పడదని గట్టిగా పట్టుబట్టాడు. తొమ్మిదో శతాబ్దంలో గాట్‌షాక్ అనే సన్యాసి ఈ రెండో వాదాన్ని చివరిదాకా లాగాడు. మోక్షానికి పోయేవాళ్లనే కాదు, నరకానికి పోయేవాళ్లను కూడా దేవుడు ముందే నిర్ణయించాడన్నాడు. 848లో, 849లో జరిగిన చర్చి సభలు అతని బోధను ఖండించాయి. కొరడా దెబ్బలు కొట్టించి మఠంలో బంధించారు. ఆ శిక్షను నేను సమర్థించను. కాని గమనించండి, "అంతా ముందే రాసిపెట్టి ఉంది, మన చేతిలో ఏమీ లేదు" అనే మాటను దైవభక్తిగా ఒప్పుకోవడానికి ఆనాటి చర్చి కూడా సిద్ధపడలేదు!

దేవుడికి ముందే తెలియడం అన్న చిక్కుముడిని విప్పబోయినవాడు బోయీథియస్. రోమ్‌లో గొప్ప పదవి చేసి, రాజద్రోహం నేరం మోపబడి, సుమారు 524లో మరణశిక్షకు గురైనవాడు. చెరలో కూర్చుని రాసిన గ్రంథంలో ఆయన చెప్పిన దాని సారాంశం ఇది. దేవుడికి నిన్న, రేపు లేవు. కాలమంతా ఆయన కళ్ల ముందు ఒక్కసారే ఉంటుంది. ఒకడు నడుస్తుంటే నేను చూస్తున్నాను. నేను చూడటం వల్ల వాడు నడుస్తున్నాడా? కాదు గదా! అలాగే దేవుడి చూపు మనిషిని కట్టివేయదు.

పదమూడో శతాబ్దపు థామస్ ఆక్వినాస్ ఇదే మాటకు దారి ఉపమానం చెప్పాడు. దారిన పోయేవాడికి తన వెనక వచ్చేవాళ్లు కనబడరు. ఎత్తు మీద నిలబడినవాడికి అందరూ ఒక్కసారే కనబడతారు. మొయినాబాద్ నుంచి చేవెళ్లకు మర్రిచెట్ల కింద సైకిల్ మీద పోయేవాడికి మలుపు అవతల ఏముందో తెలియదు. పైనున్నవాడికి తెలుస్తుంది. అయినా పెడల్ తొక్కేది సైకిల్ మీదివాడే.

నాయన ప్రశ్నకు సూటిగా తగిలే జవాబు ఆక్వినాస్ ప్రార్థన గురించి రాసినచోట దొరికింది. దేవుడి సంకల్పం మారనప్పుడు ప్రార్థన దేనికి? ఆయన అంటాడు: దేవుడు ఫలితాన్ని మాత్రమే సంకల్పించలేదు, ఏ కారణాల ద్వారా ఆ ఫలితం రావాలో దాన్ని కూడా సంకల్పించాడు. మనిషి చేసే పనులు, ప్రార్థనలు ఆ కారణాల్లోనివే. అంటే పంట రాసి ఉంటే, విత్తడంతో కలిపే రాసి ఉంటుంది. విత్తకుండా పంట ఒక్కటే రాసి ఉందనేది భక్తి కాదు, సోమరితనం.

ఇదంతా పరాయి మతం గొడవ అనుకునేవారికి ఒక్క మాట. శ్రీవైష్ణవంలో కోతిపిల్ల, పిల్లిపిల్ల వాదం ఉంది. కోతిపిల్ల తల్లిని తానే గట్టిగా పట్టుకోవాలి. పిల్లిపిల్లను తల్లే నోట కరుచుకుని పోతుంది. దేవుడి దయకు మనిషి పట్టు కావాలా, అక్కర్లేదా? వడగలై, తెంగలై వారు విడిపోయింది ఇలాంటి ప్రశ్నల మీదనే. అగస్టీన్, పెలాజియస్‌ల తగువుకూ దీనికీ ఎంత దగ్గరితనమో చూడండి.

నాకు సందేహాలు లేవని కాదు. ఎత్తు మీద నిలబడి చూసేవాడు దారి వేసినవాడు కాడు. దేవుడు మాత్రం దారిని వేసినవాడు, నడిచేవాణ్ణి కూడా చేసినవాడు. అప్పుడు ఆ ఉపమానం కుంటుపడదా? పైగా దేవుణ్ణి తీసేసినంత మాత్రాన చిక్కు తీరదు. ప్రతి అణువు స్థితీ తెలిసిన మేధస్సుకు భవిష్యత్తంతా తెలుస్తుందని 1814లో లాప్లాస్ రాశాడు. తలరాత పోయి సమీకరణం వచ్చింది, అంతే! కాని ఈ సందేహాల్లో ఏదీ చేతులు ముడుచుకుని కూర్చోమని చెప్పదు.

మన నేలే ఇందుకు సాక్ష్యం. 1908 సెప్టెంబర్ 28న మూసీ పొంగి హైదరాబాద్‌లో వేలమంది కొట్టుకుపోయారు. నది శాంతించాలని ఆరో నిజాం మహబూబ్ అలీ ఖాన్ పూజ చేశాడని జనం నేటికీ చెప్పుకుంటారు. పూజతోనే ఆగి ఉంటే? మోక్షగుండం విశ్వేశ్వరయ్యను పిలిపించారు. 1920కి ఉస్మాన్ సాగర్, 1927కి హిమాయత్ సాగర్ లేచాయి. చిలుకూరు గుడికి పోయేవాళ్లకు దగ్గరలోనే ఉన్న గండిపేట చెరువు అదే. వరద దైవికమని ఊరుకోకుండా మనుషులు చేసిన పని అది.

రాత అనే మాట ఎప్పుడు బయటికొస్తుందో కూడా చూడాలి. నకిలీ విత్తనం అమ్మినవాడు లాభాన్ని తన తెలివి అంటాడు. మొలక రాని రైతు మాత్రం నష్టాన్ని తన రాత అనుకోవాలి. అడగవలసినవాణ్ణి అడగకుండా చేసే ఈ రాతను ఏ దేవుడు రాశాడు?

మొన్న ఇంటికి పోయినప్పుడు నాయనతో అన్నాను: "రాత మారదనే అనుకుందాం నాయనా. కాని సర్వే చేయించాలని కూడా ఆ రాతలోనే ఉండొచ్చు గదా?"

నాయన చాలాసేపు మాట్లాడలేదు. తరువాత బీడీ ఆర్పి, "అయితే ఎవరిని అడగాల్నో అడుగు. నీళ్లు పడ్తే ఆ 108 మాత్రం నేనే తిరుగుత" అన్నాడు.

ఆక్వినాస్ ఉంటే ఈ మాటకు అడ్డు చెప్పేవాడు కాదనుకుంటాను.