మనసు విరిగితే మరో సంబంధమా?

ఆడపిల్లకు కాలు విరిగితే కట్టు కట్టించి ఆరు వారాలు మంచం దిగనివ్వం. మంచినీళ్ళ గ్లాసు కూడా మనమే అందిస్తాం. అదే పిల్లకు మనసు విరిగిందనుకోండి, ఆరు రోజులు తిరక్కుండానే "ఇంకా ఆ ఏడుపు మొహమేమిటే? లేచి తల దువ్వుకో, సాయంత్రం చూసుకోడానికి వస్తున్నారు" అంటాం. ఇదెక్కడి వైద్యమండీ?

నా తగవంతా ఈ వైద్యంతోనే. ప్రేమించానన్నవాడు మొహం చాటేసినా, తాంబూలాలు పుచ్చుకున్నాక సంబంధం తప్పిపోయినా, మన మధ్యతరగతి ఇళ్ళల్లో వాడే మందు ఒక్కటే. మరో సంబంధం! మోతాదు: ఎంత తొందరగా అయితే అంత మంచిది. పథ్యం: నోరెత్తకుండా ఉండడం.

మా అమలాపురంలో ఇలాంటి ఇంటికి పరామర్శకు వచ్చేవాళ్ళను చూస్తూనే ఉంటాను. ఆత్రేయపురం పూతరేకు నోట్లో కరుగుతుండగా ఒకావిడ "అంతా మన మంచికేనమ్మా" అంటుంది. ఇంకొకావిడ "పెళ్ళయ్యాక బయటపడితే ఎంత అప్రతిష్ఠ! ఇప్పుడే తెలిసింది, నయం" అంటుంది. మూడో ఆవిడ సంచీలోంచి ఫోను తీసి మేనల్లుడి ఫోటో చూపిస్తుంది. పక్కగదిలో తలుపు ఓరగా వేసుకుని కూర్చున్న పిల్లకు ఇవన్నీ వినిపిస్తూనే ఉంటాయి. "నువ్వెలా ఉన్నావమ్మా?" అన్న ఒక్కమాట తప్ప.

పోనీ, తప్పు ఆ పిల్లదా అంటే అదీ కాదు. చాలా ఇళ్ళల్లో కట్నం దగ్గర పేచీ పెట్టి వెనక్కి పోయేది అవతలివాళ్ళు. కట్నం అడగడం నేరమని మన దేశంలో చట్టం వచ్చింది 1961లో. అడిగినవాళ్ళు తలెత్తుకు తిరుగుతారు. అడిగించుకున్న పిల్ల తల దించుకోవాలి! పైగా "ఒకసారి తప్పిన సంబంధం" అని ఆ పిల్ల పేరు పక్కన ఓ ముద్ర.

"మనసు విరగడాలూ అవీ కథల్లో మాటలు. నాలుగు రోజులు పోతే అదే సర్దుకుంటుంది" అంటారు పెద్దలు. అలాగా? 1990లో జపాను వైద్యులు ఓ జబ్బుకు పేరు పెట్టారు, టాకోట్సుబో అని. అంటే ఆ దేశంలో ఆక్టోపస్‌లను పట్టే కుండ. ఆత్మీయులు పోయినప్పుడో, పెద్ద దెబ్బ తగిలినప్పుడో గుండెలో ఎడమ గది ఆ కుండలా ఉబ్బిపోతుంది. చూస్తే అచ్చం గుండెపోటే. ఈ జబ్బు ఎక్కువగా వచ్చేది నడివయసు దాటిన ఆడవాళ్ళకు. సకాలంలో వైద్యం అందితే చాలామంది కొద్ది వారాల్లో కోలుకుంటారు. 2011లో అమెరికాలో మరో పరీక్ష చేశారు. తమకిష్టం లేకుండానే ప్రేమ తెగిపోయిన 40 మందికి, ఆ వదిలి వెళ్ళిన మనిషి ఫోటో చూపించి మెదడును పరీక్షించారు. చేతికి వేడి తగిలితే మెదడులో ఏ భాగాలు స్పందిస్తాయో, ఫోటో చూసినప్పుడూ అవే స్పందించాయి. కాబట్టి పిల్ల "నొప్పిగా ఉందమ్మా" అంటే అది నాటకం కాదు. నిజంగానే నొప్పి.

సైన్సు సంగతి అలా ఉంచి సినిమాకు వద్దాం. 1953లో 'దేవదాసు' వచ్చింది. శరత్ బాబు నవల, నాగేశ్వరరావు, సావిత్రి. తెలుగుదేశమంతా ఏడ్చింది. ఎవరికోసం? దేవదాసు కోసం. కానీ కథ ఒక్కసారి జ్ఞాపకం చేసుకోండి. మానం, మర్యాద పక్కనపెట్టి అర్ధరాత్రి వెళ్ళి "నన్ను పెళ్ళి చేసుకో" అని అడిగింది పార్వతి. తండ్రికి జడిసి వెనుకాడినవాడు, కాదని ఉత్తరం రాసినవాడు దేవదాసు. అంటే ముందు విరిగింది ఎవరి మనసు? ఆ విరిగిన మనసుకు పెద్దలు వేసిన మందు ఏమిటి? ఎదిగిన పిల్లలున్న ఓ జమీందారుగారితో రెండో పెళ్ళి. ఆవిడ ఆ ఇంటిని దిద్దుకుంది, ఆ పిల్లలను పెంచుకుంది. ఈయన తాగాడు. ఈనాటికీ గడ్డం పెంచుకున్న ప్రతి కుర్రాడినీ మనం జాలిగా "దేవదాసు" అంటాం. కడుపులో కుంపటి పెట్టుకుని పదిమందికీ వండి వడ్డిస్తున్న ఆడదాన్ని "పార్వతి" అని ఎవరైనా పిలిచారా? మగవాడి దుఃఖానికి సీసా ఇచ్చాం. ఆడదాని దుఃఖానికి మంగళసూత్రం ఇచ్చాం. రెండూ మందులు కావు.

కొత్తగా వచ్చే ఆ పెళ్ళికొడుకు మాట కూడా ఆలోచించండి. ముక్కూ మొహం తెలియని ఆ అబ్బాయి ఏం పాపం చేశాడని అతణ్ణి మందుసీసాను చేస్తారు?

"మా కాలంలో ఇలాగే చేశారు, మేం సుఖంగా కాపురాలు చెయ్యలేదా?" అంటారు. చేసినవాళ్ళున్నారు, కాదనను. చెయ్యలేనివాళ్ళు మాత్రం మనకు చెప్పుకోలేదు. చెప్పుకోనివ్వలేదు గనక! నోరు విప్పని రోగిని నయమైనవాళ్ళ జాబితాలో రాసుకోవడం ఏం న్యాయం?

కోనసీమ వాళ్ళకు ఈ సంగతి ఒకరు చెప్పాలా? 1996 నవంబరు 6 రాత్రి తుఫాను వచ్చింది. ఐ. పోలవరం, ముమ్మిడివరం, కాట్రేనికోన ప్రాంతాలు అల్లాడిపోయాయి. వెయ్యిమందికి పైగా ప్రాణాలు పోయాయి. లక్షల కొబ్బరిచెట్లు నేలకొరిగాయి. ఆ మర్నాడు ఏ రైతు దగ్గరికైనా వెళ్ళి "పోయిన చెట్టు మరచిపో, వచ్చే నెలలో దింపు తీసుకుందువుగాని" అని ఎవరైనా అన్నారా? అనరు. దేశవాళీ మొక్క కాపుకు రావాలంటే ఆరేడేళ్ళు పడుతుందని ఇక్కడ చిన్నపిల్లకు కూడా తెలుసు. ఈలోగా తోటలో అరటో కందో వేసుకుని చేతికి పని, ఇంటికి గింజలు చూసుకోవాలి. ఇంకో సంగతీ తెలుసు. పడిన మొద్దును తోటలోనే వదిలేస్తే అది కుళ్ళుతుంది. ఆ కుళ్ళులో కొమ్ముపురుగు పెరుగుతుంది. పెరిగి, నిలబడి ఉన్న పచ్చని చెట్టు మొవ్వును తొలిచేస్తుంది. "మాట్లాడకు, మరచిపో" అనడమంటే మొద్దును తోటలో వదిలేయడమే.

అందుకే ఏడవనివ్వండి. దాదాపు పన్నెండు, పదమూడు వందల ఏళ్ళ కిందటే భవభూతి తన ఉత్తరరామచరితంలో ఈ మాట చెప్పాడు. నిండిన చెరువుకు అలుగు ఎలాగో, దుఃఖం పొంగిన మనసుకు ఏడుపు అలాగని. శ్రీరామచంద్రుడంతటివాడు దండకారణ్యంలో సీత కోసం వెక్కి వెక్కి ఏడిస్తే తప్పులేదు గాని, మన పిల్ల ఏడిస్తే పరువు పోతుందా?

ఏం చెయ్యమంటావని అడుగుతారేమో. పెద్ద విద్యలేం కావు. పక్కన కూర్చోండి. చెప్పింది వినండి. చెప్పిందే మళ్ళీ చెప్పినా వినండి. మధ్యలో తీర్పులు చెప్పకండి. వేళకు అన్నం, వేళకు నిద్ర చూడండి. చదువుతున్న పిల్లయితే చదువు, ఉద్యోగమైతే ఉద్యోగం మాన్పించకండి. తోటలో అరటి అదే! ఇరుగుపొరుగుకు సంజాయిషీ ఇచ్చే పని మీరు పెట్టుకోండి, ఆ పిల్లకు వదలకండి. నిద్ర లేకుండా, తిండి లేకుండా వారాలు గడుస్తున్నా, "నేనుండి ఏం లాభం" అన్న మాట ఒక్కసారి వినపడినా తేలిగ్గా తీసుకోకండి. ఒంటరిగా వదలకండి, వెంటనే డాక్టరుకు చూపించండి. 2022 అక్టోబరులో మొదలైన టెలీ మానస్‌కు 14416 నంబరులో రాత్రనక పగలనక ఫోను చెయ్యవచ్చు. తెలుగులోనే మాట్లాడతారు, డబ్బు తీసుకోరు. జ్వరం వస్తే డాక్టరు దగ్గరికి వెళ్ళడానికి లేని సిగ్గు దీనికెందుకు?

పెళ్ళే వద్దని నేననడం లేదు. కొబ్బరిమొక్కలా ఆరేడేళ్ళు ఆగమనీ అనడం లేదు. ఆ పిల్ల తనంత తాను తలెత్తి "ఇక ఫరవాలేదమ్మా" అనేదాకా ఆగండి అంటున్నాను. అది మూడు నెలలు కావచ్చు, మూడేళ్ళు కావచ్చు. పెళ్ళికి ముహూర్తం పంతులుగారు పెడతారు. మనసు కుదుటపడే ముహూర్తం మాత్రం ఆ పిల్లనే పెట్టుకోనివ్వండి.