వాయిదా అడగడం బిచ్చం కాదు

విద్యారుణం కట్టలేక సివిల్ కోర్టు సమన్లు అందుకున్న మన విద్యార్థులు సిగ్గుతో కోర్టుకే వెళ్లకపోవడం నేను చూశాను. అసలు నష్టం అక్కడే మొదలవుతుంది. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 20, రూల్ 11 ప్రకారం తగిన కారణం చూపితే కోర్టు డిక్రీలోనే వాయిదాల చెల్లింపుకు అనుమతించవచ్చు. డిక్రీ అయ్యాక అడిగితే బ్యాంకు ఒప్పుకోవాలి. అంటే, హాజరుకాని వాళ్లు బ్యాంకు దయకు మిగులుతారు.

ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం 1987 నాటి న్యాయసేవల ప్రాధికార సంస్థల చట్టం ఇచ్చిన హక్కు. కేవలం పేదరికం వల్ల అప్పు తీర్చలేని వారిని జైలుకు పంపరాదని 1980లో జాలీ జార్జ్ వర్గీస్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

కంపెనీల బకాయిల్లో కోతకు ట్రిబ్యునల్ ఆమోదం తెలిపితే అది ‘పరిష్కారం’. మనం పూర్తిగా కడతామంటూ గడువు అడిగితే ‘ఎగవేత’ ఎలా అవుతుంది? తలవంచుకుని ఇంట్లో కూర్చోవద్దు. మొదటి వాయిదాకే హాజరై అడుగుదాం.